చెమ్మ కింద నుంచే వచ్చింది

ఆ నేల మీద నేను ఒక్క చెంబెడు నీళ్లు కూడా ఒలకబోయలేదు. ఈ మాట ఫ్లోరింగ్ వేసిన దుకాణం యజమానికి చెప్పాను, మా పై అంతస్తులో ఉండే పెద్దాయనకి చెప్పాను, ఆఫీసులో పక్క సీటు ఆవిడకి కూడా చెప్పాను. అందరూ తల ఊపారు. ఒక్కరూ నమ్మలేదు.

మాది జనక్‌పురిలో గ్రౌండ్ ఫ్లోర్ ఫ్లాటు. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగం మీద కాకినాడ నుంచి ఢిల్లీ వచ్చి, ఇరవై ఏళ్లకు పైగా క్వార్టర్లలోనే గడిపాక, మా ఆయన పోయిన మూడో ఏడు కొనుక్కున్న ఇల్లు. నేనూ మా అమ్మాయీ, ఇద్దరమే. అమ్మాయి గ్రేటర్ నోయిడాలో ఇంజనీరింగ్ చదువుతూ హాస్టల్లో ఉంటుంది, శనివారం బస్సెక్కి ఇంటికొస్తుంది.

ఇల్లు పాతది. నేలంతా మొజాయిక్ గచ్చు. ఇక్కడి చలికాలంలో పొద్దున్నే ఆ గచ్చు మీద అడుగు పెడితే మడమలోంచి మోకాలి దాకా జివ్వున లాగేది. ఇంట్లో చెప్పులు వేసుకోమని అందరూ చెప్పేవారు. చెప్పుల కాళ్లతో వంటగదిలోకి, దేవుడి మూలకి వెళ్లడం నా వల్ల కాలేదు. నేలనే మార్చుకుంటానన్నాను. హాల్లోనూ వెనక పడకగదిలోనూ లామినేట్ ఫ్లోరింగ్ వేయించాను.

లామినేట్ అసలు కలప కాదు. చెక్కపొట్టును గట్టిగా అదిమి చేసిన పలకలు, వాటి మీద చెక్క గీతలు అచ్చువేసిన గట్టి పొర. ఒకదాని అంచు ఇంకొకదాని గాడిలో బిగుసుకుంటుంది. మేకులూ జిగురూ అక్కర్లేదు. గచ్చుకీ పలకలకీ మధ్య పల్చటి తెల్లటి ఫోమ్ పరుస్తారు, నడిస్తే టకటకమనకుండా. ఆ పని జరిగిన రోజు నేను ఆఫీసులో ఉన్నాను. తాళం చెవి దుకాణం వాళ్లకిచ్చి వెళ్లాను. సాయంత్రం తలుపు తీసేసరికి ఇల్లు తేనె రంగులో మెరుస్తోంది. ఆ చలికాలమంతా నేను ఉత్తి కాళ్లతో రాణీలా తిరిగాను.

జులైలో వానలు పడ్డాయి. ఆగస్టు మొదటి వారంలో హాల్లో కిటికీ కింద పలకల అంచులు పెదవి విరిచినట్టు పైకి లేచాయి. తర్వాత వారానికి సోఫా ముందు, ఆ తర్వాత పడకగదిలో. తడిసిన అట్టపెట్టె మూలన పడేస్తే వచ్చే వాసన ఇల్లంతా. అమ్మాయి ఆ శనివారం లోపలికొస్తూనే ముక్కు మూసుకుంది.

"మమ్మీ, యే క్యా స్మెల్ హై?"

"సీలన్," అన్నాను. చెమ్మకి ఇక్కడి మాట అది. దానికి తెలుగులో చెప్తే మళ్లీ అడుగుతుంది.

మర్నాడే దుకాణానికి వెళ్లాను. యజమాని నా వయసువాడే, యాభై దాటినవాడు. టీ తెప్పించాడు. ఫోనులో నేను చూపించిన ఫోటోలు ఒక్కొక్కటీ పెద్దవి చేసి చూశాడు.

"మేడమ్‌జీ, ఇది నీళ్ల పని," అన్నాడు. "మీ సౌత్ వాళ్లకి నేల కడిగే అలవాటు కదా. రోజూ తడి పోఛా పెడితే ఏ ఫ్లోరింగ్ అయినా ఉబ్బుతుంది."

"నేను తడిగుడ్డ పెట్టను. పొడి మాప్‌తోనే తుడుస్తాను. మీవాళ్లు చెప్పి వెళ్లిన మాటే అది."

"మీరు ఆఫీసులో ఉంటారు. పనిమనిషి పెడుతుందేమో."

"నాకు పనిమనిషి లేదు."

ఆయన నవ్వాడు. కోపం కన్నా ఆ నవ్వే నన్ను ఎక్కువ మండించింది. "ఠీక్ హై. ఒక పని చేయండి. ఒకసారి సాబ్‌ని పంపించండి. ఆయనతో మాట్లాడి ఏదో ఒకటి చేద్దాం."

"సాబ్ లేరు. మాట్లాడాల్సింది నాతోనే."

అప్పుడు సొరుగులోంచి గ్యారంటీ కాగితం తీశాడు. నీటి వల్ల పాడైతే కంపెనీకి సంబంధం లేదన్న చోట వేలు పెట్టాడు. నేను ఆ కాగితం వైపు చూడలేదు.

"నాకు కొత్త పలకలు వద్దండీ. మీరు ఏమీ ఇవ్వక్కర్లేదు. ఒక్క ప్రశ్నకి జవాబు చెప్పండి. పలకల కింద ఏం పరిచారు?"

"ఫోమ్."

"ఫోమ్ కింద?"

"ఫోమ్ కింద ఏముంటుంది? మీ నేల ఉంటుంది."

ఆయన దృష్టిలో అక్కడితో మాట అయిపోయింది. నాకు అక్కడే మొదలైంది.

ఇంటికొచ్చి, చీర కొంగు దోపి, గోడ వెంబడి ఉన్న అంచు పట్టీని వంటగదిలోని అట్లకాడతో ఊడదీశాను. అమ్మాయి గుమ్మంలో నిలబడి చూస్తోంది.

"అమ్మా, ఛోడో నా. టైల్స్ పెట్టించేసుకో, బస్."

"టైల్స్ సంగతి తర్వాత. ముందు ఇటు వచ్చి ఆ చివర పట్టుకో."

మొదటి పలక లేవడానికి చాలాసేపు పట్టింది. తర్వాతవి సులువుగా ఊడి వచ్చాయి. తిరగేసి చూస్తే పలక అడుగంతా నల్లటి బూజు. ఫోమ్ ఎత్తితే దాని కింద గచ్చు మీద నిజంగానే నీటి బొట్లు ఉన్నాయి, పొద్దుటి పూట గడ్డి మీద మంచులా. పలక పై ముఖం మాత్రం అరచేత్తో రుద్దినా పొడిగానే ఉంది. అమ్మాయి ఆ బొట్లలో వేలు ముంచి నా వైపు చూసింది.

ఒక పలకని పాత దుప్పట్లో చుట్టి ఆటోలో పెట్టుకుని మళ్లీ దుకాణానికి వెళ్లాను. యజమాని ఎదురుగా భార్యాభర్తలెవరో నమూనాలు చూస్తున్నారు. నేను పలకని బల్ల మీద బోర్లా పెట్టాను, నల్లటి వైపు పైకి వచ్చేలా.

ఆయన గొంతు తగ్గించాడు. "నేను చెప్పిందే కదా మేడమ్. పైన పోసిన నీళ్లు గాడిలోంచి దిగి..."

నేను గొంతు తగ్గించలేదు. "గాడిలోంచి దిగితే గాడి దగ్గర నల్లబడాలి. ఇక్కడ చూడండి, నట్టనడుమ కూడా నల్లబడింది. పైన ఒక్క మరక లేదు. ఈ తడి పైనుంచి వచ్చిందా, కింద నుంచి వచ్చిందా?"

ఆ భార్యాభర్తలు నమూనాలు వదిలేసి పలక వైపు చూడసాగారు. ఆయన మొహం ఎర్రబడింది.

"మీ ఇంట్లోనే సీలన్ ఉంటే నేనేం చేయను? అది మీ ఇంటి తప్పు."

"అచ్ఛా. అంటే నీళ్లు నేను పోయలేదన్నమాట."

ఆయన మాట్లాడలేదు. నాకు కావలసింది ఆ మౌనమే. పలకని మళ్లీ దుప్పట్లో చుట్టుకుని బయటికొచ్చాను. గెలిచాననిపించింది కానీ ఇంటికొచ్చి చూస్తే గెలిచినదానిలా లేదు నా హాలు.

ఆ నెలంతా నాకు సలహాలే సలహాలు. గ్రౌండ్ ఫ్లోర్‌లో చెక్క ఫ్లోరింగ్ పెట్టకూడదని కొందరు, ఢిల్లీలోనే పెట్టకూడదని కొందరు, ఒంటరి ఆడదానివి ఇన్ని పనులెందుకు నెత్తిన వేసుకున్నావని ఇంకొందరు. టైల్స్ వేయించుకుంటే గొడవ వదిలిపోతుందని మా అన్నయ్య కాకినాడ నుంచి ఫోను. నిజమే, వదిలిపోయేది. కానీ టైల్స్ వేయిస్తే, నా ఇల్లు నేనే నీళ్లతో పాడుచేసుకున్నానన్న మాట అలాగే మిగిలిపోయేది. అది నేను భరించలేకపోయాను.

పలకలన్నీ ఊడదీయించాక అటక మీద మిగిలిపోయిన పెట్టె ఒకటి దొరికింది. విప్పని పెట్టె. దాని లోపల మడత పెట్టిన కాగితం, పలకలు ఎలా పరచాలో బొమ్మలతో సహా. రెండో బొమ్మలోనే ఉంది. సిమెంటు నేల అయితే ముందు మందపాటి ప్లాస్టిక్ షీటు, దాని మీద ఫోమ్, దాని మీద పలకలు. ప్రతి పెట్టెలోనూ పెట్టి పంపిన కాగితం అది. వేసినవాళ్లు చూడలేదు. నేనూ చూడలేదు. ఆఫీసులో ఏ ఫైలైనా చివరి అనుబంధం దాకా చదివేదాన్ని, నా ఇంటి కాగితం మాత్రం తెరవలేదు. ఆ మాట ఒప్పుకోవడానికి నాకు రెండు రోజులు పట్టింది.

ఆ కాగితంలోనే ఇంకో చిన్న పరీక్ష ఉంది. నేల పొడిగా ఉందో లేదో చూడాలంటే, ప్లాస్టిక్ ముక్కని గచ్చు మీద పరిచి నాలుగు వైపులా గాలి దూరకుండా టేపు అంటించి, మూడు రోజులు వదిలేయాలి. తీసి చూస్తే అడుగువైపు బొట్లు ఉన్నాయంటే చెమ్మ కింద నుంచి వస్తున్నట్టు. నేనూ అమ్మాయీ కలిసి హాల్లో నాలుగు చోట్ల, పడకగదిలో రెండు చోట్ల అంటించాం. మూడు రోజులు వాటిని దాటుకుంటూ తిరిగాను.

నాలుగో రోజు తీసి చూస్తే పడకగదిలో ముక్కలకి ఆవిరి పట్టినట్టు మసక మాత్రం ఉంది. హాల్లో లోపలివైపు రెండూ అంతే. కిటికీ కింద అంటించిన రెండు ముక్కల అడుగున మాత్రం నీళ్లు జారుతున్నాయి. ఎత్తితే గచ్చు మీద చిన్న మడుగు.

కిటికీ అవతల ఏముందో తెలియనిదేం కాదు. పై అంతస్తు పెద్దాయన గులాబీల మడి. బ్యాంకులో మేనేజరుగా రిటైరైన మనిషి. మెట్ల పక్కన ఉమ్మడి జాగాలో, నా గోడకి ఆనుకుని మట్టి ఎత్తుగా పోసి, పద్నాలుగేళ్లుగా గులాబీలు పెంచుతున్నాడు. పొద్దున్నే రబ్బరు గొట్టం పట్టుకుని, అరగంట తక్కువ కాకుండా నీళ్లు పెడతాడు. మట్టి నా ఇంటి లోపలి గచ్చు కన్నా జానెడు ఎత్తులో ఉంది. అంతకు ముందు ఎన్నోసార్లు ఆ పూలని మెచ్చుకున్నాను, దేవుడికి ఒకటి రెండు అడిగి తెచ్చుకున్నాను. ఎత్తు మాత్రం ఎప్పుడూ చూడలేదు.

ఆయన్ని ఇంట్లోకి పిలిచి ప్లాస్టిక్ ముక్క చూపించాను.

"అంకుల్‌జీ, మీ గొట్టం నీళ్లు నా గోడ కింద నుంచి లోపలికి వస్తున్నాయి. మట్టి గోడకి దూరంగా జరిపించండి."

ఆయన ముక్క కూడా పట్టుకోలేదు. "బేటా, నా గులాబీలు పద్నాలుగేళ్లవి. నీ ఫ్లోరింగ్ నిన్న వచ్చింది."

"నా గోడ మీ గులాబీల కన్నా పాతది అంకుల్‌జీ."

"ఇన్నేళ్లలో ఎవరూ ఫిర్యాదు చేయలేదు."

"ఇన్నేళ్లలో ఎవరూ ముక్క అంటించి చూడలేదు."

ఆయన వెళ్లిపోయాడు. మర్నాడు పొద్దున్న కిటికీలోంచి గొట్టం చప్పుడు మామూలు కన్నా ఎక్కువసేపు వినిపించింది. కావాలనే పెట్టాడో, నాకే అలా అనిపించిందో ఇప్పటికీ తెలియదు.

చలికాలమంతా ఆయన్ని మూడుసార్లు అడిగాను. మూడోసారి రాసి ఇచ్చాను, మర్యాదగా, తేదీ వేసి సంతకం పెట్టి. జవాబు రాలేదు. కాలనీ సంఘం వాళ్లని అడిగితే, గోడ మీది కాబట్టి గోడ బాగు చేసుకోవడానికి ఎవరూ అడ్డు చెప్పలేరన్నారు. నాకు ఆ ఒక్క వాక్యం చాలు. మార్చిలో మేస్త్రీని పిలిపించి గోడ వెంబడి అడుగు వెడల్పున కందకం తవ్వించాను. పునాది గోడకి నీళ్లు పట్టని సిమెంటు పూయించి, దాని మీద నల్లటి తారు పూత వేయించి, కందకంలో మట్టికి బదులు కంకర పోయించాను. దారిలో రెండు గులాబీ మొక్కలు అడ్డం వచ్చాయి. వాటిని మేస్త్రీని ముట్టుకోనివ్వలేదు. నేనే గునపంతో చుట్టూ తవ్వి, వేళ్లకి మట్టి ముద్దలా పట్టి ఉండగానే పెద్ద కుండీల్లోకి మార్చి, మెట్లెక్కి ఆయన గుమ్మం ముందు పెట్టి వచ్చాను. ఆ రోజంతా ఆయన బాల్కనీలో కుర్చీ వేసుకుని కూర్చుని కిందికి చూస్తూనే ఉన్నాడు.

ఆ రెండింట్లో ఒకటి బతికింది, ఒకటి ఎండిపోయింది. ఎండిపోయినందుకు నాకు బాధ ఉంది. తవ్వించినందుకు లేదు. ఆయన ఇప్పటికీ మెట్ల దగ్గర ఎదురైతే మొహం తిప్పుకుంటాడు. నేను నమస్తే చెప్తూనే ఉంటాను.

ఏప్రిల్, మే నెలల్లో ఢిల్లీ ఎండ నా తరఫున పని చేసింది. కిటికీలు బార్లా తీసి, ఫ్యాన్లు తిప్పుతూ, గచ్చుని అలాగే ఎండనిచ్చాను. లూ వడగాలికి ఊరంతా తలుపులు మూసుకుంటుంటే నేను మాత్రం తెరుచుకుని కూర్చున్నాను. మే చివర మళ్లీ ముక్కలు అంటించాం. మూడు రోజుల తర్వాత కిటికీ కింది ముక్కలకి లేత మసక. మిగతావి గాజులా తేటగా ఉన్నాయి.

ఈసారి దుకాణాల జోలికి పోలేదు. సామాను నేనే తెచ్చుకున్నాను. పలకల పెట్టెలు తెచ్చి, విప్పకుండా రెండు రోజులు ఆ గదిలోనే పడుకోబెట్టాను, గది గాలికి అలవాటు పడాలని. తెలిసినవాళ్ల ద్వారా ఒక మిస్త్రీ దొరికాడు. బిహార్ నుంచి వచ్చి ముప్పై ఏళ్లుగా ఇక్కడే ఫ్లోరింగ్ పని చేస్తున్న పెద్దమనిషి, కళ్లజోడు దారంతో మెడకి వేలాడేసుకుంటాడు. మందపాటి ప్లాస్టిక్ షీటు చుట్ట చూసి నవ్వాడు. దాన్ని ఇక్కడ పన్నీ అంటారు.

"పన్నీ ఎందుకు దీదీ? ఎవరూ వేయించరు."

"నేను వేయిస్తాను."

"పన్నీ బదులు ఫోమ్ రెండు పొరలు వేస్తా. మెత్తగా ఉంటుంది, పరుపులాగా."

"నాకు పరుపు ఉంది భయ్యా. ఫోమ్ రెండు పొరలు వేస్తే నడిచినప్పుడల్లా పలక కిందికి పైకి ఊగుతుంది, గాడి విరుగుతుంది. షీటు ఒకటి, ఫోమ్ ఒకటి. ఫోమ్ అంచులు ఒకదాని మీదొకటి ఎక్కకూడదు. షీటు మాత్రం ఎక్కాలి, జానెడు ఎక్కాలి, టేపు పడాలి."

ఆయన కళ్లజోడు పెట్టుకుని నన్ను తేరిపార చూశాడు. నేను సెలవు పెట్టి స్టూలు వేసుకుని హాల్లోనే కూర్చున్నాను. ముందు గచ్చులో పల్లంగా ఉన్న చోట్ల సిమెంటు నింపాం, అది ఆరేదాకా వారం ఆగాం. తర్వాత ఊడ్చి, తుడిచి, షీటు పరిచాం. గోడ దగ్గర రెండు అంగుళాలు పైకి మడిచి ఉంచమన్నాను. నేను టీ పెట్టడానికి వంటగదిలోకి వెళ్లి వచ్చేలోపు ఒక వైపు ఆ మడతని బ్లేడుతో నేలకి సమంగా కోసేశాడు.

"ఏం చేశారు?"

"చూడ్డానికి బాగుండదు దీదీ."

"దాని మీద పట్టీ వస్తుంది, ఎవరూ చూడరు. పలకలు పరవకముందే కోసేస్తే గోడ మూల నుంచి చెమ్మ నేరుగా చెక్కకి తగులుతుంది. ఆ షీటు తీసేయండి. కొత్త ముక్క వేయండి."

"ఇంత చిన్న దానికా?"

"పోయినసారి అంతా ఇంత చిన్న దానికే పోయింది."

ఆయన బ్లేడు కింద పెట్టి లేచి నిలబడ్డాడు. వెళ్లిపోతాడేమో అనుకున్నాను. వెళ్లిపోతే నేనే వేసుకుంటానని కూడా అనుకున్నాను, ఎలాగో తెలియకపోయినా. ఆయన వెళ్లలేదు. టీ తాగాడు. గ్లాసు పక్కన పెట్టి నెమ్మదిగా అన్నాడు.

"నాకు తెలియక కాదు దీదీ. మా ఉస్తాద్ నేర్పినప్పుడు పన్నీ వేసే నేర్పాడు. తర్వాత దుకాణాలవాళ్లు ఇవ్వడం మానేశారు. ఇవ్వనిది నేనెక్కడి నుంచి తెస్తాను? ఫోమ్ ఇస్తే ఫోమ్ పరుస్తాను. ఏడాది తిరక్కుండా ఉబ్బిందని ఫోన్ వస్తుంది, తిట్లు నాకే. పన్నీ ఎక్కడ అని అడిగిన కస్టమర్ని మిమ్మల్నే చూశాను."

ఇంకో గ్లాసు టీ పోశాను. ఆయన లేచి కోసిన షీటు పీకేసి కొత్తది పరిచాడు. అప్పటి నుంచి ఆయనే నాకు చెప్పడం మొదలుపెట్టాడు. గోడకీ పలకకీ మధ్య వేలెడు మందం ఖాళీ వదలాలని, వానాకాలంలో పలక కొంచెం సాగుతుందని, ఖాళీ లేకపోతే గోడకి తన్నుకుని మధ్యలో లేస్తుందని. చిన్న చెక్క ముక్కలు గోడ వెంబడి అడ్డం పెట్టి ఆ ఖాళీని చివరిదాకా కాపాడాడు. రెండు గదులూ రెండు రోజుల్లో అయిపోయాయి. అన్నీ అయ్యాకే, మడిచిన షీటు అంచుని పట్టీ వెనక దాగేలా కోశాడు.

ఒక్క చోట ఆయన మాట నేను వినలేదు. పడకగదిలో స్నానాలగది గుమ్మం ముందు పలక బదులు రాతి పట్టీ వేద్దామన్నాడు. చెక్క గీత గుమ్మం దాకా వస్తేనే అందమని నేను మొండికేశాను. ఆ వానాకాలం గడవకుండానే, తడి కాళ్ల నీళ్లకి ఆ గుమ్మం ముందు రెండు పలకలు ఉబ్బాయి. అది పైనుంచి పోసిన నీళ్లే, పోసింది నేనే. మిస్త్రీకి ఫోన్ చేసి మీ మాటే నిజమన్నాను. ఆయన పెద్దగా నవ్వి, గ్రానైట్ పట్టీ తెచ్చి వేసి వెళ్లాడు.

హాలు మాత్రం నిలబడింది. ఆగస్టులో, వరసగా నాలుగు రోజులు వాన పడ్డాక, ఒక ఆదివారం కిటికీ కింద పట్టీ ఊడదీసి చివరి వరస పలక లేపాను. అమ్మాయి ఫోన్‌లో టార్చ్ వేసి పట్టుకుంది. పలక అడుగు పెట్టెలోంచి తీసినట్టే ఉంది. ఫోమ్ పొడిగా ఉంది. నేను బోర్లా పడుకుని ముక్కు ఆనించి వాసన చూశాను. ప్లాస్టిక్ వాసన తప్ప ఇంకేం లేదు.

"పొడిగానే ఉంది కదమ్మా?" అంది అమ్మాయి. అడగకుండానే తెలుగులో అంది.

"పొడిగానే ఉందే."

మళ్లీ బిగించి పట్టీ కొట్టేశాను.

ఈ మధ్య మా వెనక వీధిలో ఒక గ్రౌండ్ ఫ్లోర్ ఇంట్లోకి హైదరాబాద్ నుంచి కొత్తగా ఒక జంట వచ్చింది. ఇద్దరూ సాఫ్ట్‌వేర్. కూరగాయల బండి దగ్గర నా తెలుగు విని ఆ అమ్మాయి పలకరించింది. మాటల్లో చెక్క ఫ్లోరింగ్ సంగతి వస్తే, షీటు వేయిస్తున్నారా అని అడిగాను. ఏ షీటు అంది. చెప్పి, నా నంబరు ఇచ్చాను. శనివారం పొద్దున్న ఫోన్ చేసింది.

"ఆంటీ, జర వచ్చి చూస్తరా? ఇయ్యాలనే వేస్తున్నరు. నేను అడిగితే అవసరం లేదంటున్నడు. మా ఆయన ఊర్ల లేడు."

నేను వెళ్లేసరికి హాలంతా తెల్లటి ఫోమ్ పరిచేశారు. ఇద్దరు పనివాళ్లు మొదటి వరస పలకలు కూడా బిగించేశారు. దుకాణం తరఫు మనిషి, ముప్పై ఐదేళ్లుంటాయి, ఒక చేత్తో ఫోన్, ఒక చేత్తో కొలత టేపు.

"ఫోమ్ కింద పన్నీ ఉందా?" అని అడిగాను.

"అవసరం లేదు ఆంటీజీ. ఇది మంచి క్వాలిటీ ఫోమ్."

"నేల పరీక్ష చేశారా?"

"చూస్తే తెలుస్తుంది కదా, పొడిగా ఉంది."

"పొడిగా ఉందో లేదో కంటికి తెలియదు. మూడు రోజులు ప్లాస్టిక్ ముక్క అంటించి చూడాలి. ఫోమ్ ఎత్తండి."

ఆయన ఆ అమ్మాయి వైపు తిరిగాడు. "మేడమ్, ఇలా మధ్యలో పక్కింటివాళ్ల మాటలు వింటే పని జరగదు. సర్‌తో ఒకసారి మాట్లాడించండి."

ఆ అమ్మాయి చేతిలో ఫోన్ ఉంది. భర్తకి చేస్తుందేమో అనుకున్నాను. ఆమె ఫోన్ జేబులో పెట్టుకుంది.

"సర్‌తోని ఏం మాట్లాడతరు? ఇల్లు నాది గూడ. తీయమంటున్న కదా," అంది తెలుగులోనే. తర్వాత హిందీలో మళ్లీ చెప్పింది.

"తీస్తే ఈ రోజు పని పోతుంది. మళ్లీ ఎప్పుడొస్తామో చెప్పలేను."

నేను చెప్పులు గుమ్మం బయట విడిచి, వెళ్లి ఆ ఫోమ్ నడిమధ్య బాసింపట్టు వేసుకుని కూర్చున్నాను. ఆ అమ్మాయి ఒక్క క్షణం నా వైపు చూసి, తనూ వచ్చి పక్కన కూర్చుంది. పని చేసేవాళ్లిద్దరూ సుత్తులు పట్టుకుని నిలబడిపోయారు. వాళ్లలో ఒకడు నవ్వు ఆపుకోలేక కిటికీ వైపు తిరిగాడు.

"ఆంటీజీ, ఇదేం పద్ధతి?"

"మీకు తొందర లేకపోతే నాకూ లేదు. శనివారం నాకు సెలవు."

ఆయన బయటికి వెళ్లి చాలాసేపు ఎవరితోనో ఫోన్లో మాట్లాడాడు. గట్టిగా మొదలైన గొంతు మెల్లగా తగ్గింది. తిరిగొచ్చి, గుమ్మం లోపలికి అడుగు పెట్టకుండానే అడిగాడు, షీటు ఎంత మందం ఉండాలని.

నేను చెప్పాను. వారం తర్వాత, పరీక్ష అయ్యాకే రమ్మన్నాను. ఆయన కొలత టేపు వెనక ఆ మందం రాసుకున్నాడు. ఆ అమ్మాయీ నేనూ లేచి, చెరో వైపు పట్టుకుని, ఫోమ్‌ని చుట్టడం మొదలుపెట్టాం.